కొంగులో పడిన పుస్తకం

ఆ మధ్య కొత్తవలస స్టేషన్లో పాసింజరు కోసం కూర్చున్నాను. ఏ బండి ఎక్కడుందో సెల్‌ఫోన్లో చూసి చెప్పేవాళ్లు చుట్టూ నలుగురున్నా, బండి మాత్రం తన ఇష్టం వచ్చినప్పుడే వచ్చే స్టేషను అది. కిరండూల్ వైపు నుంచి ఖనిజం మోసుకొచ్చే గూడ్సులు పోతుంటే ఎర్రదుమ్ము లేస్తోంది. వేయించిన వేరుశనగ పిక్కలు అమ్మే అమ్మాయి ఒకతె నా ముందు గంప దించింది. పంజాబీ డ్రెస్సు, మెడలో వేలాడుతున్న ఇయర్‌ఫోన్లు. ప్లాస్టిక్ కవర్లు వాడొద్దని ఎవరో చెప్పినట్టున్నారు, ఒక పాత పుస్తకంలోంచి కాగితం చించి, పొట్లం చుట్టి, పిక్కలు పోసి నాకు చాపింది.

అప్పుడు నేనేం చేశానో నాకే తెలియలేదు. పైట కొంగు రెండు చేతులా పట్టుకుని, తల కాస్త వంచి, ఆ పొట్లం కిందకి చాపాను.

"ఏటమ్మా, కొంగు పడతన్నావు? సేతికి అందుకో. ఏడిగా ఉన్నాది గానీ కాలిపోదులే," అని నవ్వింది ఆ పిల్ల.

సిగ్గుపడి చెయ్యి చాపాను. ఆమె వేళ్లు నా వేళ్లకు తగిలాయి. ఆమె దాన్ని పట్టించుకోనే లేదు, అప్పటికే పక్కాయనకు పొట్లం చుడుతోంది. నేను మాత్రం చాలాసేపు ఆ పొట్లం విప్పలేకపోయాను. బడిపంతులమ్మగా జీవితమంతా చేసి, రిటైరై, నెలనెలా పింఛను తెచ్చుకుంటున్న మనిషిని. నా ఒంట్లోకి ఆ కొంగు పట్టే అలవాటు ఎప్పుడు దూరి, ఇన్నేళ్లూ ఎక్కడ దాక్కుందో చెప్పాలంటే మా మామ్మ సంగతి చెప్పాలి.

చిన్ననాటి సంగతులు రాసేవాళ్లు ముందుగా వాసనలు రాస్తారు. నెయ్యి కాగే వాసన, పూజగదిలో కర్పూరం, కొత్త ఆవకాయ. చదువుతుంటే నాకూ నోరూరుతుంది, కాస్త ఒళ్లూ మండుతుంది. మా ఇంట్లో పూజగది లేదు, ఆ మాటకొస్తే గదే లేదు. ఉన్నదంతా ఒక పాక. పులిసిన చోడి అంబలి వాసన, కళింగపట్నం నుంచి వచ్చే ఎండు నెత్తళ్ల చేపలు నిప్పుల మీద కాలుతున్న వాసన, నిప్పు నోట్లోకి పెట్టి మా మామ్మ కాల్చే అడ్డచుట్ట వాసన. వీటన్నిటికన్నా నన్ను ఎక్కువ వెంటాడేది మరొకటుంది. మెంతులో మిరపకాయలో కట్టిన అచ్చుకాగితం వాసన. ఇప్పటికీ కొత్త పుస్తకం తెరిచి ముక్కు దగ్గర పెట్టుకుంటే, ఏదో తక్కువైనట్టుంటుంది.

మా ఊరు పాతపట్నానికి నడిచిపోయేంత దూరం. పెద్దవీధిలో రైతులుండేవారు. ఆ వీధి మలుపులో సావుకారి కొట్టు. ఊరంతా అయిపోయి, చెరకు తోటలు కూడా దాటాక మా మాలపేట. మా అయ్య కూలికెళ్లేవాడు. ఆయన తమ్ముడు, మా చిన్నయ్య, ఖరగపూరులో రైల్వే పనికెళ్లి, అక్కడే రాత్రిబడిలో చదువుకుని, ఒక ట్రంకుపెట్టెతో తిరిగొచ్చాడు. పెట్టెలో బట్టలుంటాయనీ, నాకో గౌనైనా ఉంటుందనీ నేను ఎదురుచూశాను. తెరిస్తే అన్నీ పుస్తకాలు. మా అమ్మ మొహం చిన్నబోయింది, నేనైతే గట్టిగానే ఏడ్చాను.

చిన్నయ్య పేట చివర తాటాకుల పాక ఒకటి వేసి అందులో ఆ పెట్టె పెట్టాడు. సాయంత్రం పనుల్లోంచి వచ్చినవాళ్లను కూర్చోబెట్టి పైకి చదివేవాడు. కులం ఎలా వచ్చింది, ఎవరు పెట్టారు, నుయ్యి ఎందుకు వేరైంది, బడిలో మేమెందుకు వెనక కూర్చోవాలి, ఇవే. విన్నవాళ్లు కొందరు అవునవునన్నారు. కొందరు గుర్రుపెట్టారు. "ఒరే, ఇయన్నీ మాకు తెలిసినయే కదరా, పుస్తకమెందుకు?" అని అడిగాడొక ముసలాయన. "తెలిసినాయి గానీ, ఎవుడో అచ్చేసినాడంటే అది మన తలరాత కాదనీ కదా బావా," అన్నాడు చిన్నయ్య. ఆ మాట నాకు గుర్తుండిపోయింది, అర్థం మాత్రం చాలా ఏళ్లకు గానీ కాలేదు.

మామ్మ ఆ పాకలో ఒక్కరోజూ కూర్చోలేదు. ఊడుపులకో, కలుపుకో పోయి వచ్చేసరికి చీకటి పడేది. వచ్చి పొయ్యి రాజేసేది. చిన్నయ్య గొంతు గాలికి వినబడితే, "నా కొడుకు సదువుతన్నాడు," అని గంటె పట్టుకుని కాసేపు నిలబడేది. మాటలు తెలిసేవి కావు, గొంతొక్కటే తెలిసేది. తీరిక చేసుకుని ఒకరోజు వెళ్లి విందామనుకుంది. ఇంతలో చిన్నయ్యకు పచ్చకామెర్లు వచ్చాయి. పసరు మందు పోశారు, చెయ్యి కాల్పించారు, చివరికి బండి కట్టి ఆస్పత్రికి తీసుకుపోతుంటే దారిలోనే పోయాడు. ఇంకా పెళ్లి కూడా కాలేదు.

అప్పట్లో కొండల వైపు గొడవలు జరుగుతున్నాయని చెప్పుకునేవారు. పోలీసుల జీపు పేటల్లోకి వచ్చేది. ఎవరింట్లోనైనా పుస్తకం కనబడితే ఎక్కడిది, ఎవరిచ్చారు అని అడిగి, ఆ ఇంటి మగవాళ్లను తీసుకుపోయేవారు. మా అయ్య భయస్తుడు. భయం తప్పు కాదు, ఇల్లు గడిపేవాడికి అది ఉండి తీరుతుంది. మామ్మ చేనుకెళ్లిన రోజు చూసి, ట్రంకులోని పుస్తకాలన్నీ గోనెలో వేసి, సావుకారి కొట్లో పొట్లాల కాగితాలకని ఇచ్చేశాడు. సాయంత్రం మామ్మ వచ్చి ఖాళీ పెట్టె చూసింది. పెట్టె మూత వేసి, దాని మీద చెయ్యి పెట్టుకుని కూర్చుంది. ఆ పూట అంబలి తాగలేదు.

కొట్టు అరుగు చాలా ఎత్తుగా ఉండేది. పెద్దవీధివాళ్లు మెట్లెక్కి పైకి పోయి, బల్ల మీద కూర్చుని, తెచ్చుకున్న డబ్బాల్లో సరుకు పోయించుకునేవారు. సావుకారి కొలత డబ్బా వాళ్ల డబ్బాకు తగిలినా ఏమీ కాదు. మేం మాత్రం కింద రాయి దగ్గర నిలబడి, "సావుకారి బాబూ," అని పిలవాలి. మా గిన్నెకు ఆయన కొలత తగలకూడదు గనుక మాకు ఏదైనా పొట్లమే. పొట్లం కట్టి, అరుగు అంచుకు వచ్చి, పైనుంచి వదిలేవాడు. కింద మేం కొంగు పట్టాలి, మగవాళ్లైతే తువ్వాలు. సరిగ్గా పట్టకపోతే కారం నేలపాలు. ఆ విద్యలో నేను గట్టిదాన్ని. చిన్న పరికిణీ మీద అమ్మ పాత చీరముక్క పైటలా వేసుకుని, దాని కొంగులో ఎటు పడినా పట్టేదాన్ని. పేట పిల్లలం పొట్లానికి బదులు మట్టిగడ్డతో ఆ ఆట ఆడేవాళ్లం కూడా. అది ఆట అనే అనుకున్నాం.

సావుకారు చెడ్డవాడని నేననను. చిన్నయ్య పోయినప్పుడు సాంబ్రాణి, కొబ్బరికాయ ఊరకనే ఇచ్చాడు. పైనుంచే వేశాడనుకోండి.

అయ్య పుస్తకాలిచ్చిన రెండు మూడు రోజులకు నేను కొట్టు దగ్గర నిలబడి ఉండగా లోపలి నుంచి సావుకారి ముసలితల్లి గొంతు వినబడింది. "ఒరే, ఆ పుస్తకాల కాయితాల్లో పెద్దవీధికి పసుపు కట్టీయకు. పేటోళ్ల సేతులు పడినాయి. ఆళ్లకే వాడు." సావుకారు సరేనని ఆ గోనెను విడిగా, మాకు సరుకు కట్టే చోట పెట్టుకున్నాడు. అలా మా చిన్నయ్య పుస్తకాలు ఊళ్లో మరే ఇంటికీ పోకుండా, ఏరి కోరి, మా పేటకే తిరిగి రావడం మొదలైంది.

మొదటి కాగితం మిరపకాయల పొట్లం. అమ్మ మిరపకాయలు చాటలో పోసి కాగితం పొయ్యిలో వెయ్యబోయింది. మామ్మ చటుక్కున ఆమె చెయ్యి పట్టుకుంది. కాగితం మీద ఎర్ర పెన్సిలు గీత ఒకటుంది. చదివేటప్పుడు చిన్నయ్య చెవి మీద ఎర్రపెన్సిలు పెట్టుకునేవాడు, నచ్చిన చోట గీత గీసేవాడు.

"ఇది నా కొడుకు గీసిన గీతే," అంది మామ్మ. అక్షరం రాదు ఆమెకు. ఆ గీతను మాత్రం వేలితో ఇటు నుంచి అటు తడిమింది. తర్వాత నా వైపు తిరిగింది. "ఓలె గుంటా, నువ్వు బడికెల్తన్నావు కదా. ఇందులో ఏటున్నాదో సదువు."

నేను అప్పుడు అయిదో తరగతి. కూడబలుక్కుని చదివాను. మధ్యలో పెద్దమాట వస్తే నోరు తిరగక, ఏదో ఒకటి కల్పించి చెప్పేశాను. మామ్మ చుట్ట నోట్లోంచి తీసింది.

"ఇది ఆడి మాట కాదు. నీ మాట. మల్లీ సదువు."

ఎలా కనిపెట్టేదో ఇప్పటికీ నాకు తెలియదు. ఆ రోజు నుంచి మా ఇంట్లో పొట్లం విప్పడం మామ్మ పని. సరుకు అమ్మకు, కాగితం ఆమెకు. సాయంత్రం పొయ్యి ముందు కూర్చుని నేను చదవాలి, ఆమె వినాలి. "ఆడు బతికుండగా ఒక్కరోజు కూకొని ఇననేదు. ఇప్పుడైనా ఇనాల. నా కొడుకు ఏటి సదివీవోడో మొత్తం ఇనాల," అని అమ్మతో అనేది. మొత్తం అనే మాటను గట్టిగా అనేది.

మొత్తం కావాలంటే పొట్లాలు ఎక్కువ రావాలి. అందుకు నేనూ మామ్మా ఒక ఎత్తు వేశాం. కలిపి ఒక పొట్లంలో వచ్చే సరుకును విడివిడిగా అడిగేదాన్ని. ధనియాలు వేరే, జీలకర్ర వేరే, ఆవాలు వేరే. "ఏటే గుంటా, మీ ఇంట్లో పెళ్లేటి?" అని సావుకారు విసుక్కునేవాడు. పేటలో మిగతా ఆడవాళ్లకూ మామ్మ చెప్పింది. వాళ్లు కాగితాలు పొయ్యిలో వెయ్యకుండా తెచ్చి ఇచ్చేవారు. కొందరు నవ్వుతూ ఇచ్చారు, కొందరు అక్కడే కూర్చుని వినిపోయేవారు. చిన్నయ్య బతికుండగా పాకలో అడుగు పెట్టని ఆడవాళ్లు, ఎండుచేపలు ఏరుకుంటూ, పిల్లలకు పేలు చూస్తూ, కులం సంగతి విన్నది మా పొయ్యి ముందే.

ఏ పుస్తకంలోది ఏ కాగితమో మొదట తెలిసేది కాదు. మూడో నాలుగో పుస్తకాలు కలగలిసి వచ్చేవి. అచ్చు పరిమాణం చూసి, అంకెలు చూసి నేను వేరు చేసేదాన్ని. అందులో ఒక పుస్తకం మీదే చిన్నయ్య గీతలు ఎక్కువ. మామ్మ దాన్నే తన పుస్తకం అనుకుంది. దాని అట్ట మాకు ఎప్పుడూ రాలేదు. గట్టిగా ఉంటుందని సావుకారు దాన్ని చింతపండు డబ్బా మీద మూతగా వాడుకున్నాడని తర్వాత విన్నాను. అందుకే ఆ పుస్తకం పేరు గానీ, రాసిన మనిషి పేరు గానీ నాకు తెలియవు. వచ్చిన కాగితాలను మామ్మ గోనెలు కుట్టే దబ్బనంతో, దారంతో కుట్టింది. పసుపు అంటినవి, నూనె మరకలవి, ఇంగువ వాసనవి. బెల్లం కట్టిన కాగితాన్ని నేనొకసారి ఇంటికి వస్తూ దారిలో నాకేశాను. తడికి ఒక మూల చిరిగి నాలుగు మాటలు పోయాయి. "తీపికి కక్కుర్తిపడి అచ్చరాలు తినీసినావు," అని మామ్మ నెత్తి మీద మొట్టి, తర్వాత తనే నవ్వింది. చిన్నయ్య పోయాక ఆమె నవ్వడం నేను చూసింది అప్పుడే.

వానాకాలం మొదట్లో మెంతుల పొట్లం ఒకటి వచ్చింది. ఆ కాగితానికి వెనకవైపు, అడుగున, ఎర్రగీత ఒకటి కాదు, ఒకదాని కింద ఒకటి గట్టిగా నొక్కి గీసినవి ఉన్నాయి. ఆ గీతల దగ్గర ఉన్నది నాకు ఇప్పటికీ నోటికి వచ్చు. "ఎత్తు నుంచి వదిలేదాన్ని పట్టుకోవడానికే మన చేతులు అలవాటు పడ్డాయి. అలవాటు పడ్డాం కాబట్టే అది మామూలైంది. చేతికి ఇమ్మని ఒక్కసారి అడిగి చూడండి. అప్పుడు"

అంతే. కాగితం అయిపోయింది. తర్వాతిది మరో కాగితంలో ఉంది.

"అప్పుడు?" అంది మామ్మ.

"ఇక్కడితో అయిపోనాది మామ్మా."

"అప్పుడు ఏటవుతాది? ఆడు అన్ని గీతలు గీసినాడంటే ఏటో ఉంటాది కదే."

ఆ తర్వాతి కాగితం కోసం ఎంత కాచుకున్నామో చెప్పలేను. పొట్లం కొంగులో పడగానే ముందు అంకె చూసేదాన్ని. ముందువి వచ్చాయి, ఎక్కడో చివరివి వచ్చాయి, అది రాలేదు. రోజూ సాయంత్రం మామ్మ ఆ మెంతుల కాగితం మళ్లీ చదివించుకునేది. "అప్పుడు" దగ్గర నేను ఆగిపోయేదాన్ని. ఆమె ఇంకాసేపు అలాగే చెవి ఒగ్గి కూర్చునేది.

చివరికి ఒకరోజు పొద్దున్నే తలంటుకుని ఉతికిన ముతకచీర కట్టుకుంది. "సావుకారినే అడుగుతాను. మిగిల్నది మొత్తం ఇచ్చీమంటాను. ముసిల్దాన్ని, కొడుకు పోనోదాన్ని. ఇవ్వడేటి?"

"ఎల్లకే అమ్మా. లేనిపోని గొడవ," అన్నాడు అయ్య. ఆమె వినలేదు. నన్ను వెంటబెట్టుకుని బయలుదేరింది. అంకెలు చూడ్డానికి నేను కావాలి కదా.

కొట్టు మీద పెద్దవీధి రైతులిద్దరు బల్ల మీద కూర్చుని ఉన్నారు. మామ్మ రాయి దగ్గర నిలబడి సంగతంతా చెప్పింది. సావుకారు విన్నాడు. లోపలికి పోయి, గోనెలోంచి తాడు కట్టిన కట్ట ఒకటి లాగి, దుమ్ము దులిపాడు. కింద నుంచే నాకు ఎర్రగీతలు కనబడ్డాయి.

"ఇదేనా? నీ కొడుకు గేపకం అంటన్నావు గాబట్టి తీసుకెల్లు. నాకేటీ ఇవ్వొద్దులే. కొంగు పట్టు," అంటూ అరుగు అంచుకు వచ్చాడు.

నేను వెంటనే నా కొంగు పట్టాను. మామ్మ పట్టలేదు. జారుతున్న కొంగును తీసి నడుముకు గట్టిగా దోపుకుంది. రెండు చేతులూ పైకి చాపింది.

"సేతికియ్యి బావూ."

"ఏటే?"

"నా కొడుకు పుస్తకం బావూ. పైనుంచి పడీయకు. నా సేతికియ్యి."

బల్ల మీది రైతుల్లో ఒకాయన, "దీనికేటొచ్చింది ఈయేల?" అన్నాడు. రెండో ఆయన సావుకారి మొహంలోకి చూస్తూ కూర్చున్నాడు. సావుకారి చెయ్యి కట్టతో సహా గాలిలో ఆగిపోయింది. నేను సరిగ్గా ఆ చేతి కిందే ఉన్నాను. ఆ చెయ్యి కొంచెం కిందకి దిగింది. ఎవరు నమ్మినా నమ్మకపోయినా అది దిగింది, నేను చూశాను. మామ్మ మునివేళ్ల మీద లేచింది. ఇంకొంచెం దిగితే అందేది. అప్పుడు సావుకారు తల తిప్పి బల్ల వైపు చూశాడు. చెయ్యి వెనక్కి పోయింది.

"అక్కడ రాయి మీద పెడతాను. నువ్వే తీసుకో," అన్నాడు మెల్లగా. ఆ గొంతులో కోపం లేదు, బతిమాలుతున్నట్టే ఉంది.

"రాయికి కాదు బావూ. నాకియ్యి."

బల్ల మీద ముందు మాట్లాడినాయన గట్టిగా నవ్వాడు. ఆ నవ్వుతో సావుకారి మొహం ఎర్రబడింది. "పోనీలే పాపమంటే నెత్తికెక్కతన్నావు. పో," అని కట్టను లోపలికి విసిరేశాడు. లోపల ఎక్కడో అది పడిన చప్పుడు వినిపించింది. మామ్మ చేతులు ఇంకా చాచే ఉన్నాయి. నేనే ఆమె చీర పట్టుకుని లాగాను.

చెరకు తోటల గట్టు మీదకు వచ్చాక మామ్మ కూలబడింది. చుట్ట వెలిగించబోయి, అగ్గిపుల్ల ఆరిపోతే, అలాగే పట్టుకుని కూర్చుంది.

"అడిగితే ఏటవుతాదో మనకి తెలిసిపోనాది కదా మామ్మా. ఇంక ఆ కాయితం ఎందుకు?" అన్నాను. ఓదార్చాలనే అన్నాను.

ఆమె నా మొహంలోకి చూసింది. "కాదే గుంటా. పుస్తకంలో ఇలాగుండదు. నా కొడుకు అన్ని గీతలు గీసినాడు కదా. పుస్తకంలో ఇచ్చే ఉంటాడు." అప్పుడు ఏడ్చింది. చిన్నయ్య పోయిన రోజు కూడా నలుగురితో కలిసి ఏడ్చింది గానీ, ఇలా చప్పుడు లేకుండా ఏడవలేదు.

మర్నాటి నుంచి సావుకారు పేటకు కాగితంలో కట్టడం మానేశాడు. మాకు అన్నీ అడ్డాకుల్లోనే వచ్చేవి. కొండవాళ్లు తెచ్చే ఆ ఆకుల్లో కారం, బెల్లం, అన్నీ. ఆకు మీద చదవడానికి ఏముంటుంది? మిగిలిన కట్ట వాళ్ల నీళ్లపొయ్యిలోకి పోయిందని కొట్లో పనిచేసేవాడు చెప్పాడు. నిజమో కాదో తెలియదు. "సెయ్యి సాపి రాయి మీదది తీసుకున్నుంటే ఏటి పోయీది?" అని అయ్య కొన్నాళ్లు సణిగాడు. అమ్మకూ అదే అనిపించి ఉంటుంది. నాకు కూడా ఆ రోజుల్లో మామ్మ మీద కోపంగానే ఉండేది. పుస్తకం అంత దగ్గరగా వచ్చాక ఎవరైనా వదులుకుంటారా అని.

ఆమె మళ్లీ ఆ కొట్టుకు వెళ్లలేదు. ఉప్పు దగ్గర నుంచి అన్నీ పాతపట్నం సంతలో తెచ్చుకునేది, మోకాళ్లు నొప్పులైనా నడిచిపోయేది. అక్కడ కూడా కొత్తవాళ్ల దగ్గర, "సేతికియ్యమ్మా," అని అడిగేది. కొందరు ఇచ్చేవారు. ఎవరని అడిగి, పేట పేరు వినగానే కింద పెట్టేవాళ్లూ ఉండేవారు. కింద పెట్టినది ఆమె తీసుకునేది కాదు. సంత నుంచి ఒక్కోసారి ఉప్పొక్కటే తెచ్చేది.

నేను పాతపట్నం హాస్టల్లో చేరి చదువుకుంటున్నప్పుడు ఆమె పోయిందని కబురొచ్చింది. నేను వచ్చేసరికి గొయ్యి తవ్వేశారు. అందరూ మట్టి వెయ్యబోతుంటే అయ్య ఆగమన్నాడు. ఇంటికి పోయి, చూరులోంచి ఆ కుట్టిన కాగితాల కట్ట తెచ్చాడు. నేను అది నాకు కావాలన్నాను. అయ్య తల అడ్డంగా ఊపాడు.

"ఆయేల నానే ఇచ్చీసినాను. దాని సేతిలో నానే పెడతాను," అన్నాడు.

గోతిలోకి దిగి, మామ్మ రెండు చేతులూ దగ్గరకు చేర్చి, వాటిలో ఆ కట్ట పెట్టాడు. అది మెంతుల వాసన వేసింది. దిగినవాడు పైకి రాలేకపోతే ఇద్దరు పట్టి లాగారు. అంతవరకూ మా అయ్య ఏడవడం నేను చూడలేదు.

తర్వాత నేను పంతులమ్మనయ్యాను. జీతం వచ్చిన ప్రతి నెలా కులం మీద రాసిన పుస్తకాలు కొన్నాను. పెద్దపెద్దవాళ్లు రాసినవి చదివాను, సభలకు వెళ్లాను, కొన్నింటిలో మాట్లాడాను కూడా. ఏ పుస్తకం తెరిచినా ముందుగా పేజీల అడుగున చూస్తాను, ఎక్కడైనా "అప్పుడు" అని ఉందేమోనని. పాత పుస్తకాల దుకాణాల్లో అట్ట లేనివి అడిగితే వాళ్లు నన్ను వింతగా చూసేవారు. అది ఇంతవరకూ దొరకలేదు. ఇంక దొరకదనే అనుకుంటున్నాను.

ఆ కొట్టు ఇప్పుడు లేదు. సావుకారి మనవడు పాతపట్నంలో పెద్ద షాపు పెట్టాడు. కంప్యూటరు బిల్లు, ఏసీ. నేను వెళ్తే "రండి మేడమ్" అంటాడు, సంచి చేతికే ఇస్తాడు. మంచి కుర్రవాడు. మా పేటలో కాలేజీకి పోయే పిల్లలున్నారు, మోటారుసైకిళ్లున్నాయి. కొంగు పట్టమనేవాళ్లు ఎవరూ లేరు. పట్నంలో ఇల్లు అద్దెకు అడిగితే మాత్రం, "మీరేమిట్లండీ?" అని ఇప్పటికీ అడుగుతారు. కులం చెప్పాక ఇల్లు అప్పటికప్పుడే ఎవరికో ఇచ్చేసినట్టు గుర్తొస్తుంది వాళ్లకి.

స్టేషన్లో ఆ రోజు పిక్కలు తినేశాక కాగితం విప్పి చూశాను. ఏదో ఉద్యోగ పరీక్షల గైడు. మడత పెట్టి సంచిలో దాచుకున్నాను, అలవాటు. నా ఒళ్లు నాకే చేదనిపించింది. అక్షరం రాని మా మామ్మ అంతమంది ముందు కొంగు దోపుకుని చేతులు చాపింది. ఆమెకు చదివి వినిపించినదాన్ని నేను. కొట్టు ముందు ఆమె పక్కన కొంగు పట్టుకుని నిలబడినదాన్నీ నేనే. ఎవరూ పట్టమనకుండా ఇక్కడ మళ్లీ పట్టినదాన్నీ నేనే.

బండి వస్తోందని మైకులో చెప్పారు. జనం లేచారు. నేను వెనక్కి తిరిగి ఆ పిక్కల అమ్మాయి దగ్గరకు వెళ్లాను. ఇంకో పొట్లం కట్టమన్నాను. కొంగు తీసి నడుముకు దోపుకున్నాను. రెండు చేతులూ చాపాను.

"సేతికియ్యి తల్లీ," అన్నాను. పంతులమ్మ భాష నోటికి రాలేదు.

ఆ పిల్ల నన్ను విడ్డూరంగా చూసింది. పొట్లం నా అరచేతిలో పెట్టి, జారిపోకుండా నా వేళ్లు తనే మూసింది.

"సేతికి కాకపోతే మరెలాగిస్తారమ్మా?" అంది.

బండి వచ్చి ఆగింది. నేను ఎక్కి కిటికీ పక్కన కూర్చున్నాను. ఆ పొట్లం ఇంటికి వచ్చేదాకా విప్పలేదు.